కెమెరా మనింటి వైపు తిప్పితే

పోయిన నెల "మీ ఇంటి కథ మీరే డాక్యుమెంటరీగా తీయాలనుకుంటున్నారా, సందేహాలుంటే రాయండి" అని ఈ పేజీలో రెండు లైన్లు వేసిన పాపానికి ఉత్తరాలూ, వాట్సాప్ మెసేజ్‌లూ కుప్పగా వచ్చిపడ్డాయి. దాదాపు అన్నీ బెజవాడ, గుంటూరు నుంచే. చాలామంది ఏ కెమెరా కొనాలని అడిగారు, వాళ్లందరికీ కలిపి ఒకే జవాబు మధ్యలో ఎక్కడో ఉంది, వెతుక్కోండి. మిగతావాళ్లు అడిగినవి మాత్రం నాకు రెండు రోజులు సరిగ్గా నిద్ర పట్టనివ్వలేదు. పేర్లు వద్దన్నారు కాబట్టి పేట పేరు మాత్రమే వేస్తున్నాను. నేను ఇరవై ఏళ్లుగా ఎడిటింగ్ బల్ల ముందు కూర్చుని ఇతరుల ఇళ్ల గొడవలు కోసి అతికించే మనిషిని. సొంతింటి మీద మొదలుపెట్టింది ఒక్కటే, అదీ సగంలో ఆగింది. ఎందుకు ఆగిందో కింద చెప్తాను. ఆ మాట గుర్తుపెట్టుకునే నా సలహాలు చదవండి.

ప్రశ్న: అక్కా, నాకు 24. పుట్టిందీ, పదో తరగతి దాకా చదివిందీ హైదరాబాద్‌లో. నాన్నది సచివాలయంలో ఉద్యోగం. 2016లో ఆఫీసు వెలగపూడికి మారితే అందరం గుంటూరు వచ్చేశాం. అక్కడున్నన్నాళ్లూ మమ్మల్ని ఆంధ్రావాళ్లు అన్నారు. ఇక్కడ కాలేజీలో "లైట్ తీస్కో" అన్నానని హైదరాబాద్ పిల్ల అని పేరు పెట్టారు. "నేను ఎవరు?" అనే పేరుతో స్క్రిప్టు రాశాను, నలభై పేజీలు, మీకు పంపాను. మొదటి సీన్ ప్రకాశం బ్యారేజీ మీద సూర్యోదయం, వెనకాల నా గొంతు. ఎలా ఉంది? (బ్రాడీపేట, గుంటూరు)

జవాబు: నలభై పేజీలూ చదివాను తల్లీ. బ్యారేజీ మీద సూర్యోదయం బాగుంటుంది, కానీ అది ఎవరు తీసినా బాగుంటుంది, పెళ్లికి ముందు ఫోటోషూట్ అని వచ్చే జంటలన్నీ తీసుకుంటూనే ఉన్నాయి. ఇక "నేను ఎవరు" అన్నది రమణ మహర్షి లాంటివాళ్లు అరుణాచలంలో కూర్చుని తేల్చుకోవాల్సిన ప్రశ్న. కెమెరాకి అంత పెద్ద ప్రశ్న అప్పజెప్తే అది పాపం ఏం చేయాలో తెలియక ఆకాశాన్నీ, నదినీ, ఇసకలో నడిచే నీ కాళ్లనీ చూపించి ఊరుకుంటుంది.

నీ స్క్రిప్టులో నేను ఆగిపోయిన చోటు వేరే ఉంది. ఇరవై ఏడో పేజీలో ఒక్క లైన్‌లో రాసి దాటేశావు: ఇంజినీరింగ్ సీటు కోసం నాన్న ఆఫీసుల చుట్టూ తిరిగి తెచ్చిన స్థానికత సర్టిఫికెట్. రాష్ట్రం విడిపోయిన 2014 జూన్ 2 నుంచి మూడేళ్లలోగా తెలంగాణ వదిలి ఇటు వచ్చినవాళ్లని ఇక్కడి స్థానికులుగానే లెక్కేస్తామని, చదువుల్లో ఉద్యోగాల్లో స్థానికులెవరో తేల్చే రాష్ట్రపతి ఉత్తర్వుని సవరించారు, ఆ గడువు తర్వాత పొడిగించారు కూడా. అంటే నువ్వు ఎక్కడి పిల్లవో నీకింకా తెలియకముందే ఒక కాగితం మీద టైపు కొట్టి, ముద్ర గుద్ది, సంతకం పెట్టి చేతికిచ్చేశారు. ఇది చేతిలో ఉంచుకుని బ్యారేజీ మీదకి పోతావా?

కాగితాన్ని బల్ల మీద పెట్టు. నాన్నని పక్కన కూర్చోబెట్టు. "ఇది తెచ్చిన రోజు ఏం జరిగింది నాన్నా" అని అడిగి నోరు మూసుకో. నోరు మూసుకోవడమే అన్నిటికన్నా కష్టం, ఆయన ఆగిన ప్రతిసారీ మనం ఏదో ఒకటి అందిస్తాం, ఆ అందించిన మాట పట్టుకుని ఆయన మన కథ చెప్పడం మొదలుపెడతాడు. ఆగితే ఆగనీ. ఎన్నిసార్లు తిరిగాడు, ఏ జిరాక్స్ తక్కువైందని వెనక్కి పంపారు, ఆ రోజు మధ్యాహ్నం భోజనం ఎక్కడ చేశాడు, ఇలాంటివి వస్తాయి. అన్నీ కావాలి.

ఇంకో చిన్న ప్రశ్న కూడా ఆయన్ని అడగాల్సింది ఉంది. అప్పట్లో ఆయనతో పనిచేసినవాళ్లు చాలామంది పెళ్లాం పిల్లల్ని హైదరాబాద్‌లోనే ఉంచారు. సచివాలయానికి వారానికి ఐదు రోజులే పని కాబట్టి శుక్రవారం సాయంత్రం రైలెక్కి సోమవారం పొద్దున దిగేవారు. మరి మీ నాన్న మొత్తం ఇల్లే ఎందుకు ఎత్తేశాడు? నీకు జవాబు తెలియదని నీ స్క్రిప్టే చెప్తోంది. నీకు నిజంగా తెలియని ప్రశ్న ఉంటేనే సినిమా కదులుతుంది, తెలిసినదాన్ని చూపిస్తానంటే అది ఉపన్యాసం అవుతుంది.

సంధ్యా సూరి అని ఇంగ్లండ్‌లో పెరిగిన ఒకావిడ 2005లో 'ఐ ఫర్ ఇండియా' అనే సినిమా తీసింది. వాళ్ల నాన్న డాక్టరు, 1965లో ఇంగ్లండ్ వెళ్లాడు. రెండు సూపర్ 8 కెమెరాలు, రెండు ప్రొజెక్టర్లు, రెండు టేప్ రికార్డర్లు కొని ఒక సెట్టు తనుంచుకుని, ఇంకో సెట్టు ఇక్కడి ఇంటివాళ్లకి పంపాడు. ఏళ్ల తరబడి రీళ్లూ టేపులూ సముద్రం మీద అటూ ఇటూ తిరిగాయి. కూతురు పెద్దయ్యాక వాటినే కూర్చింది. తిరిగొచ్చెయ్యమని అడిగే ఇంటివాళ్ల గొంతులు ఆ టేపుల్లో వింటుంటే ఎక్కడివాళ్లం అనే మాట ఎవరూ విడిగా చెప్పక్కర్లేకుండా పోతుంది. నీ రీలు ఆ సర్టిఫికెట్టే.

అన్నట్టు, వాయిస్ ఓవర్ న్యూస్ రీడర్ తెలుగులో రాశావు. "స్వస్థలాన్ని కోల్పోయిన భావన" ఏమిటి, నువ్వు ఇంట్లో ఇలాగే మాట్లాడతావా? సగం హైదరాబాద్, సగం గుంటూరు కలిసిన నీ మాటే చదువు. "లైట్ తీస్కో" తీసేశావో, ఊరుకోను.

ప్రశ్న: మాది అజిత్‌సింగ్ నగర్ అండి. 2024 సెప్టెంబర్‌లో బుడమేరు మీద పడ్డప్పుడు కింది వాటాలో మెడలోతు నీళ్లు. మా పెళ్లి ఆల్బమ్, పెళ్లి క్యాసెట్టు, మా అత్తమామలు పల్లెటూరు నుంచి ఇక్కడికి వచ్చిన కొత్తలో దిగిన ఫోటోలు అన్నీ బురదైపోయాయి. ఎండబెడితే అట్టలా అతుక్కుపోయాయి. మా అబ్బాయి ఫిల్మ్ కోర్సు చేస్తున్నాడు, మా కుటుంబం ఈ ఊరికి ఎలా వచ్చిందో తీస్తానంటున్నాడు. చూపించడానికి ఒక్క ఫోటో లేదు. ఏం తీస్తాడండి? (విజయవాడ)

జవాబు: ముందు ఆ అట్టకట్టిన ఆల్బమ్ బయట పారేయలేదు కదా? పారేయకండి. పొడిగా ఉన్నప్పుడు లాగితే ఒక ఫోటో మొహం ఇంకో ఫోటో వీపుకి అంటుకుని వచ్చేస్తుంది, అస్సలు లాగొద్దు. ఉన్నది ఉన్నట్టుగా అన్ని వైపుల నుంచీ ఫోన్‌తో ఫోటోలు తీయించండి. తర్వాత, పోయినా పర్లేదు అనుకునే ఒక ముక్క తీసుకుని వెడల్పాటి పళ్లెంలో శుభ్రమైన చల్లటి నీళ్లలో నానబెట్టండి. స్టూడియోలో కడిగిన పాత ప్రింట్ల మీద జెలటిన్ పొర ఉంటుంది, అది నాని మెత్తబడితే కాగితాలు వాటంతట అవే కొంత వదులుతాయి. వచ్చినవాటిని బొమ్మ పైకి ఉండేలా గుడ్డ మీద నీడలో ఆరబెట్టాలి, వేలు తగలకూడదు. ఈమధ్య ఇంట్లో ప్రింటర్ మీద తీసుకున్నవైతే నీళ్లలో వేయకండి, రంగంతా కారిపోతుంది.

క్యాసెట్టుని ఏ ప్లేయర్‌లోనూ పెట్టనివ్వొద్దు. మా పిన్ని పెళ్లి క్యాసెట్టు బూజు పట్టి ఉంటే ఒక షాపతను "చూద్దాం మేడమ్" అంటూ తుడవకుండా తోసేశాడు, నా కళ్ల ముందే టేపు నలిగి పేగుల్లా బయటికొచ్చింది. ఇప్పటికీ ఆ రోడ్డు మీదుగా వెళ్తే మొహం తిప్పుకుంటాను. టేపు విప్పి, శుభ్రం చేసి, కొత్త డబ్బాలోకి చుట్టి ఎక్కించడం వచ్చినవాళ్ల దగ్గరికే తీసుకెళ్లండి, అలాంటి టేపు బహుశా ఒక్కసారే తిరుగుతుంది. దానికన్నా ముందు ఇంకో పని. ఆ రోజుల్లో పెళ్లి క్యాసెట్లు ఆడపెళ్లివారికి ఒకటి, మగపెళ్లివారికి ఒకటి కాపీలు తీయించేవారు. మీ పుట్టింట్లో అటక మీద చూడమనండి.

ఇక మీ అబ్బాయి సంగతి. ఫోటో లేకపోవడం వాడికి అదృష్టం అని నేనంటే మీరు కొడతారేమో కానీ, వినండి. మీ ఇంట్లో అందరికీ గుర్తున్న ఒక పాత గ్రూపు ఫోటో ఉండే ఉంటుంది. మీ అత్తగారిని, మీ ఆడపడుచుని, మీ ఆయన్ని వేర్వేరు గదుల్లో, వేర్వేరు రోజుల్లో కూర్చోబెట్టి "ఆ ఫోటోలో ఎవరెవరు ఎక్కడ నిలబడ్డారు, ఏ చీర, ఏ చొక్కా" అని మాత్రం అడగమనండి. నేనిది మా ఇంట్లో చేశాను. మా పెద్దమ్మ ఫోటోలో కుర్చీలో కూర్చున్నది తానేనంది. మా బాబాయి ఆ కుర్చీ తాతయ్యదనీ, పెద్దమ్మ అసలా రోజు అక్కడ లేదనీ అన్నాడు. ఇద్దరూ ఒట్టేశారు! ఇంటిలో ఎవరి స్థానం ఏమిటని వాళ్లు అనుకుంటున్నారో ఆ కుర్చీ ఒక్కటి చెప్పేసింది. ఫోటో చేతిలో ఉంటే ఈ గొడవ బయటికి రాదు, అందరూ దాన్ని చూసి "ఆ, ఇదిగో" అని ఊరుకుంటారు.

కంబోడియాలో రితీ పాన్ అనే దర్శకుడికి ఇంతకన్నా ఘోరమైన చిక్కు. ఖ్మేర్ రూజ్ అనే నియంత ముఠా పాలనలో ఇంటివాళ్లని పోగొట్టుకున్నాడు, తను చూసినవాటికి చిత్రాలు లేవు. మట్టి బొమ్మలు చేయించి, వాటిని పేర్చి 2013లో 'ద మిస్సింగ్ పిక్చర్' తీశాడు, కాన్ ఫెస్టివల్‌లో ఒక విభాగంలో పెద్ద బహుమతి అందుకుంది. ఆ బొమ్మలు కదలవు. కెమెరానే వాటి మధ్య తిరుగుతుంది. మీకు పక్కనే కొండపల్లి ఉంది, తెల్లపొణికి కర్రతో మనిషిని చెక్కి రంగులేసే చేతులు అక్కడున్నాయి. అయితే షాపులో అమ్మే అంబారీ ఏనుగుని, దశావతారాల సెట్టుని తెచ్చి పెడితే అది టూరిజం ప్రకటన అవుతుంది తప్ప మీ మామగారు అవదు. ఆయన లుంగీ ఎలా కట్టేవాడు, మూట ఏ భుజం మీద పెట్టుకుని బస్సు దిగాడు అని అడిగి తెలుసుకుని, అలాగే చెక్కమని చెప్పాలి. చెక్కేవాళ్లు అడిగే ప్రశ్నలకి మీ అత్తగారు జవాబు చెప్తుంటే అదే షూట్ చేయమనండి.

ప్రశ్న: లక్షన్నర బడ్జెట్ ఉంది. ఏ కెమెరా కొనమంటారు? (ఇదే ప్రశ్న పదకొండు మంది)

జవాబు: ఏదీ కొనొద్దు. ఫోన్ చాలు. కాలర్‌కి తగిలించే మైకు ఒకటి కొనండి. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు, మాట వినబడకపోతే లేచిపోతారు.

బెజవాడలో అసలు సమస్య ఫ్యాన్. వేస్తే గరగర, ఆపితే మనిషి కరిగిపోతాడు. పెద్దవాళ్లయితే పొద్దున ఐదున్నర, ఆరింటికి మాట్లాడించండి, కుక్కర్లు, స్కూలు ఆటోలు మొదలవకముందు. ఫ్రిజ్ ఆపాల్సి వస్తే మీ బండి తాళం ఫ్రిజ్‌లో పెట్టండి, మళ్లీ ఆన్ చేయడం మర్చిపోయి వెళ్లిపోకుండా ఉంటారు, ఇది సౌండ్ రికార్డిస్టుల పాత చిట్కా. మాటలయ్యాక ఎవ్వరూ కదలకుండా ఒక నిమిషం ఆ గది నిశ్శబ్దాన్ని కూడా రికార్డు చేసుకోండి, ఎడిటింగ్‌లో అతుకులు కనబడకుండా అదే కాపాడుతుంది. మన కరెంటు 50 హెర్ట్జ్, కాబట్టి సెకనుకి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టుకోండి, లేకపోతే ట్యూబ్‌లైటు కింద బొమ్మ అలలు అలలుగా కొట్టుకుంటుంది. ఎడిటింగ్‌కి డావిన్చి రిజాల్వ్ ఉచితంగా వచ్చేదే సరిపోతుంది. ఫుటేజీ రెండు హార్డ్‌డిస్కుల్లో పెట్టి, ఒకటి వేరే ఇంట్లో ఉంచండి. ఎందుకో పైన సింగ్ నగర్ ఉత్తరం మళ్లీ చదవండి.

జోనథన్ కవెట్ అనే అమెరికా కుర్రాడు తన చిన్నప్పటి నుంచీ దాచుకున్న వీడియోలతో, ఆపిల్ కంప్యూటర్‌తో వచ్చే ఐమూవీలో కోసి 2003లో 'టార్నేషన్' చేశాడు. 218 డాలర్లలో అయిపోయిందని పేరు. అసలు కొసమెరుపు ఏంటంటే, దాన్ని రిలీజ్ చేయాలనేసరికి అందులో వాడిన పాటల హక్కులకీ మిగతా పనులకీ లక్షల డాలర్లు అయ్యాయి. ఇది మనకే ఎక్కువ వర్తిస్తుంది, ఎందుకంటే మన పెళ్లి క్యాసెట్లన్నిటి మీదా హృదయాలు, గులాబీలు ఎగురుతుంటే వెనకాల సినిమా పాట ఉంటుంది. అది మీ పెళ్లి కావచ్చు, పాట మీది కాదు. ఆ ముక్క మూగగా వాడుకుని, మీద అమ్మ మాట వేయండి. చాలాసార్లు అదే బాగుంటుంది కూడా.

ప్రశ్న: మేడమ్, నాకు 31. మా మేనత్త పెళ్లి చేసుకోలేదు. మా ఇంట్లో దానికి ఒక్కొక్కరూ ఒక్కో కారణం చెప్తారు. మూడు రోజులు కూర్చుని మాట్లాడించాక చివరికి కెమెరా ముందు తనే చెప్పింది: వేరే కులం అబ్బాయిని ఇష్టపడితే తాతయ్య కుదరదన్నాడని. వారం తర్వాత ఫోన్ చేసి "అది తీసెయ్‌రా" అంది. అది తీసేస్తే నా సినిమాలో ఏమీ మిగలదు. నాన్నయితే అసలు ఆ సంగతే ఎత్తొద్దంటున్నాడు. (సత్యనారాయణపురం, విజయవాడ)

జవాబు: తీసెయ్ తమ్ముడూ. దీనికి రెండో జవాబు లేదు.

నాన్నది వేరు. ఆయన ఎత్తొద్దన్నంత మాత్రాన నువ్వు మానక్కర్లేదు, అది ఆయన కథ కాదు, పరువు ఆయనది అంతే. కానీ అత్త వద్దంటే వద్దు. ఎవరి ఒళ్లు కాలిందో వాళ్లు చెప్పాలి, మిగతావాళ్ల "వద్దు" మనం విని, పక్కన పెట్టొచ్చు.

నా సినిమా సగంలో ఆగిందన్నాను కదా. మా నాన్న రైల్వేలో గార్డుగా చేసి రిటైరయ్యారు. మీది ఏ ఊరు నాన్నా అంటే డోర్నకల్, కాజీపేట, బిట్రగుంట, మళ్లీ బెజవాడ అని క్వార్టర్లున్న ఊర్ల పేర్లు వరసగా చెప్పుకుంటూ పోయే మనిషి, పుట్టిన ఊరి పేరు మాత్రం ఆ లిస్టులో రాదు. ఎందుకు రాదు అన్నదే నా ప్రశ్న. ఓ రోజు తమ్ముడి గురించి, పొలం గురించి మొదలుపెట్టి మధ్యలో "ఆపమ్మా" అన్నారు. కెమెరా ఆపాను. రికార్డర్ బల్ల మీద న్యూస్‌పేపర్ చాటున ఉంది, దాని ఎర్రలైటు వెలుగుతూనే ఉంది. చూశాను. ఆపలేదు. కెమెరా ఆగిందనుకుని ఆయన మిగతాదంతా చెప్పారు, నాలుగు నిమిషాల ఇరవై సెకన్లు. ఆయన పోయి మూడేళ్లయింది. ఆ ఫైలు వాడలేను, చెరపనూ లేను. ఎడిటింగ్ బల్ల మీద మిగతా సీన్లు పెట్టిన ప్రతిసారీ ఆ నాలుగు నిమిషాలు ఎక్కడ పడాలో నా చేతులకి తెలిసిపోతుంటుంది, కంప్యూటర్ ఆపేస్తాను.

అందుకని నువ్వు మూడుసార్లు అడుగు. తీసేముందు ఒకసారి, తీశాక ఒకసారి, కోసి కూర్చాక ఆవిడ పక్కన కూర్చుని చూపిస్తూ ఒకసారి. సంతకం పెట్టించుకున్న కాగితం ఫెస్టివల్ వాళ్లకి పనికొస్తుంది, ఇంట్లో పనికిరాదు. ఆ ఫుటేజీ కాపీ ఒకటి ఆవిడకే ఇచ్చెయ్, అది ఆవిడ ఆస్తి. ఆనంద్ పట్వర్ధన్ అంత పేరున్న దర్శకుడు, తల్లిదండ్రుల్ని ముసలితనంలో ఇంట్లో ఊరికే తీసిపెట్టుకుని, వాళ్లు పోయిన చాలా ఏళ్లకి గానీ ఆ సినిమా బయటపెట్టలేదు. 2023లో వచ్చింది, 'వసుధైవ కుటుంబకం'. నీకేం తొందర?

ఇక ఏమీ మిగలదు అన్నావు, అదే నేను ఒప్పుకోను. ఇంట్లో ఒక్కొక్కరూ ఒక్కో కారణం చెప్తారని నువ్వే రాశావు. కెనడాలో సారా పోలీ 2012లో తీసిన 'స్టోరీస్ వుయ్ టెల్' నడిచేదే దాని మీద, చనిపోయిన తల్లి గురించి ఇంటిల్లిపాదీ తలో రకంగా చెప్తారు. మీ వాళ్లు చెప్పే కారణాలు వరసగా పెట్టు. జాతకంలో దోషం అని ఒకరు, తమ్ముళ్లని చదివించడం కోసం త్యాగం అని ఒకరు, మొండి అని ఒకరు. వాళ్ల మధ్యలో అత్త ఏమీ చెప్పకుండా పూలు కడుతున్నట్టో, టీవీ చూస్తున్నట్టో పెట్టు. నిజం నువ్వు చెప్పక్కర్లేదు. చూసేవాళ్లకి ఆవిడ మొహం చాలు. దానికి కూడా ఆవిడ ఒప్పుకోవాలి, మళ్లీ అడుగు.

ప్రశ్న: అన్నా అనాలో అక్కా అనాలో తెలియదు, క్షమించండి. మాది చిలకలూరిపేట, గుంటూరులో సెటిలయ్యాం. నూర్‌బాషాలం. మా తాత సన్నాయి విద్వాంసుడు, గుళ్లలో, పెళ్లిళ్లలో వాయించాడు. మా ఇంట్లో అందరం తెలుగే మాట్లాడతాం. మసీదు దగ్గర "ఉర్దూ రాదా" అంటారు, బయట "సాయిబులు సన్నాయి వాయిస్తారా" అంటారు. తాత మీద, నా మీద కలిపి తీయాలనుంది. రెండు వైపులా ఎవరైనా గొడవ చేస్తారేమోనని టెన్షన్‌గా ఉంది. (సంగడిగుంట, గుంటూరు)

జవాబు: అక్కనే తమ్ముడూ. నీ ఉత్తరం చదివి నాకు అసూయ పుట్టింది, ఇంత కథ ఇంట్లో పెట్టుకుని గొడవ గురించి ఆలోచిస్తున్నావు.

నీ భయం కొట్టిపారేయను. కానీ గొడవకన్నా నాకు ఇంకో భయం ఎక్కువ. నువ్వు తీసినదాన్ని ఎవరో "మతసామరస్యానికి ప్రతీక" అని శాలువా కప్పి మెచ్చుకుంటారు, నువ్వూ ఆ మెప్పు కోసం తాతని ఒక పోస్టర్‌గా మార్చేస్తావు. గుడి గోపురం, మసీదు మినార్ ఒకే ఫ్రేములో పెట్టే షాట్ నీ బుర్రలో ఇప్పటికే ఉండి ఉంటుంది. ఉంటే తీసెయ్. మీ తాత సామరస్యం కోసం సన్నాయి పట్టుకోలేదు, వాళ్ల నాన్న నేర్పాడని పట్టుకున్నాడు, దానితో ఇల్లు గడిచింది. పెళ్లికి ఎంత తీసుకునేవాడు, డోలు వాయించేవాళ్లకి వాటా ఎంత, భోజనం ఎక్కడ పెట్టేవారు, పంక్తిలోనా, పక్కనా? ఈ చివరి ప్రశ్న దగ్గర ఆయన కాసేపు ఆగుతాడని నా అనుమానం. అక్కడ తొందరపడకు.

నేపథ్యం తెలియనివాళ్ల కోసం కొంచెం చెప్పాలి కాబట్టి చెప్పు. దూదేకుల, నూర్‌బాషా, పింజారి అని ఊరికో పేరుతో పిలిచే మీవాళ్లు దూది ఏకిన వృత్తివాళ్లనీ, మన రాష్ట్రంలో బీసీ-బి జాబితాలో ఉన్నారనీ, ఇంటి భాష తెలుగేననీ. చిలకలూరిపేట సన్నాయికి పేరున్న ఊరనీ, షేక్ చిన మౌలానా అంతటివాడు ఆ ఊరి ఆదం సాహెబ్ దగ్గర నేర్చుకుని, తర్వాత శ్రీరంగం వెళ్లి స్థిరపడ్డాడనీ. అయితే ఇదంతా వాయిస్ ఓవర్‌లో రెండు నిమిషాల్లో పాఠంలా చదివేయకు. సర్టిఫికెట్ మీద కులం గడిలో ఏం రాసుందో చూపిస్తే సగం అయిపోతుంది. మిగతాది తాత తన గురువుల పేర్లు చెప్పేటప్పుడు దానంతటదే వస్తుంది. ఆ పేర్లు చెప్పేటప్పుడు ఆయన చేయి చెవి దగ్గరికి వెళ్తుందేమో గమనించు, కెమెరా చేతిమీద ఉంచు.

దగ్గరగా తీయి. వాయించే ముందు సన్నాయి పీకని, అంటే ఊదే ముక్కని, నోట్లో పెట్టి తడుపుకోవడం, చూపు ఎటో పెట్టి ఊది చూడటం, బాగోలేదని ఇంకోటి మార్చడం, పక్కన శ్రుతి పెట్టె అప్పటికే మోగుతుండటం. దీనికి ఏ భాషా అక్కర్లేదు. ఆయన ఇప్పుడు ఊపిరి చాలక వాయించలేకపోతే, వాయించలేకపోవడమే తీయి, ఆయన సరేనంటే. నువ్వు నేర్చుకోలేదు కదా? ఎందుకు నేర్చుకోలేదో ఆయన్ని అడుగు, "వద్దన్నాను" అంటాడో, "వాడే రాలేదు" అంటాడో. నీ సినిమాలో నువ్వు ఎక్కడ నిలబడాలో ఆ జవాబుని బట్టి తెలుస్తుంది.

టెన్షన్‌కి మందు ఒకటే. కోసిన తర్వాత మసీదు దగ్గర నిన్ను ఆ మాట అన్న ఒక పెద్దాయనకీ, తాత వాయించిన గుడి అర్చకుడికీ, విడివిడిగా, నీ లాప్‌టాప్‌లో చూపించు. మార్చమంటే మార్చాలని లేదు. ముందే చూశాం అన్న మాట వాళ్ల నోటి నుంచి వస్తే ఊళ్లో సగం వేడి తగ్గిపోతుంది. వాళ్లేమన్నారో రాసిపెట్టుకో, నాకూ చెప్పు.

ప్రశ్న: ఇదంతా తీస్తే చూసేదెవరండీ? (ఊరు రాయలేదు)

జవాబు: ముందు మీ మేడ మీద మీవాళ్లు. తర్వాత కేరళలో తిరువనంతపురంలో జరిగే డాక్యుమెంటరీ, షార్ట్ ఫిల్మ్ ఫెస్టివల్, ముంబైలో 1990 నుంచి రెండేళ్లకోసారి జరిగే మిఫ్ (ముంబై ఇంటర్నేషనల్ ఫిల్మ్ ఫెస్టివల్) లాంటివి ఉన్నాయి, పంపుకోవచ్చు. టికెట్ పెట్టి బహిరంగంగా ఆడించాలంటే డాక్యుమెంటరీకైనా సెన్సార్ సర్టిఫికెట్ తప్పదు. ఫెస్టివల్స్ అయితే కేంద్రం నుంచి మినహాయింపు తెచ్చుకుంటాయి.

మేడ మీద వేసేటప్పుడు దుప్పటి గాలికి ఎగరకుండా నాలుగు మూలలా ఇటుకలు కట్టండి, కరెంటు పోతే అని ఇన్వర్టర్ లైను లాక్కోండి, ముసలివాళ్లకి ముందు వరసలో చేతులున్న కుర్చీలు వేయండి. ఆ కుర్చీల కింద రికార్డర్ పెట్టి ఆన్ చేయండి, పెట్టానని అందరికీ ముందే చెప్పి. తెర మీద తమ మొహం కనబడగానే మన పెద్దవాళ్లు ఊరుకోరు. "అది కాదురా, ఆ రోజు జరిగింది అది కాదు" అని తెరతోనే మాట్లాడటం మొదలుపెడతారు.